మోటుపల్లిలో ఓడ ఎక్కడ ఆగేది?

మా బావమరిదిని మొదటిసారి మోటుపల్లి తీసుకెళ్లినప్పుడు, వాడు వీరభద్రస్వామి గుడి చుట్టూ ఓసారి తిరిగొచ్చి, చెప్పుల్లో ఇసుక దులుపుకుంటూ, "ఏంది బావా, పెద్ద పోర్టంటివే, యాడుంది?" అని అడిగాడు. వాడు కృష్ణపట్నం వైపు లారీల లోడింగు పని చూస్తాడు. వాడి లెక్కలో పోర్టంటే క్రేన్లు, కాంపౌండు గోడ, వేబ్రిడ్జి, గేటు దగ్గర బండ్ల వరస. ఇక్కడేమో గుడి, పల్లె, పొలాలు, సరుగుడు తోపులు, ఆపైన ఇసుక. మార్కో పోలో పుస్తకంలోకి ఎక్కిన రేవు ఇదేనంటే నవ్వొచ్చిందంటే వాడి తప్పేం లేదు.

నాకూ అప్పటికి సరిగ్గా తెలియదు. తెలియనప్పుడు అందరం చెప్పే జవాబే నేనూ చెప్పాను: "అంతా సముద్రంలో కలిసిపోయిందిలే రా." వాడు సరేనని తలూపి కారెక్కాడు. తర్వాత చదువుకుంటూ పోతే తేలిందేమంటే, ఆ జవాబు వినడానికి బాగుంటుంది, వీడియోలకు మరీ బాగుంటుంది, మోటుపల్లికి మాత్రం అతకదు. మన తీరంలో పాత రేవుల సంగతి తెలియాలంటే ముందు రేవు అన్న మాటనే విప్పి చూడాలి.

మొదలుపెట్టే ముందు ఒక మాట. మోటుపల్లి 2022 దాకా ప్రకాశం జిల్లా. ఆ ఏడాది జిల్లాలు విడదీసినప్పుడు బాపట్లకు పోయింది. దుగరాజపట్నం, శ్రీహరికోట నెల్లూరు నుంచి తిరుపతికి పోయాయి. కందుకూరు వైపున్న రామాయపట్నం అప్పుడు ప్రకాశం నుంచి నెల్లూరుకు వచ్చింది. ఇక్కడ నేను నెల్లూరు, ప్రకాశం అన్నప్పుడల్లా పాత హద్దులనే అనుకోండి. మన తీరంలో ఇసుక కన్నా జిల్లా గీతలే తొందరగా కదులుతున్నాయి.

మూడు చోట్లకు ఒకటే పేరు

విశాఖపట్నానికి ఉన్నట్టు మనకు సముద్రంలోకి చాచుకున్న కొండ లేదు. పులికాట్ నుంచి చీరాల దాకా తీరం దాదాపు గీత గీసినట్టు పోతుంది. రాయి లేదు, ఓడ తలదాచుకునే మూల లేదు. నేల చాలా మెల్లగా వాలుతుంది కాబట్టి ఒడ్డు దగ్గర లోతు చాలదు. సరుకుతో బరువెక్కిన ఓడ దగ్గరికొస్తే అడుగు ఇసుకలో దిగబడిపోతుంది. అందుకని అది మైలో రెండు మైళ్లో అవతలే లంగరు వేసుకుని నిలబడేది. అక్కడి నుంచి సరుకును చిన్న పడవల్లోకి దించి, విరిగే అలల మీదుగా ఒడ్డుకు తెచ్చేవాళ్లు. ఒడ్డు నుంచి మూటలు ఊళ్లోకి పోయేవి. ఊళ్లో సుంకం అధికారి కూర్చునేవాడు.

అంటే ఓడ ఆగే చోటు ఒకటి, సరుకు దిగే చోటు ఇంకొకటి, లెక్క తేలే చోటు మరొకటి. ఈ మూడింటినీ కలిపి మనం "మోటుపల్లి రేవు" అంటున్నాం. మొదటిది నీళ్లు, దాని మీద గుర్తేమీ మిగలదు. రెండోది తడి ఇసుక, పొద్దున ఉన్నట్టు సాయంత్రం ఉండదు. మూడోది మాత్రమే నేల మీద నిలిచే ఊరు. గుడి, బావి, శాసనం, పగిలిన కుండ అన్నీ ఇక్కడివే. మా బావమరిది వెతికిన ప్లాట్‌ఫారం సముద్రంలో మునిగిపోలేదు. అసలు ఎప్పుడూ లేదు.

ఇది మోటుపల్లి ఒక్కదాని కథ కూడా కాదు. చెన్నపట్నం అంతటి చోట కూడా 19వ శతాబ్దం చివర్లో హార్బరు గోడలు లేచేదాకా ఇదే తంతు. దొరలు, దొరసానులు పడవల్లో ఎగిరెగిరి పడుతూ వచ్చి, చివరి పది గజాలు పడవవాళ్ల భుజాల మీద దిగేవాళ్లు.

అలలు దాటడం అంటే ఏంటో చూడాలంటే ఒంగోలు దగ్గర కొత్తపట్నం పోయి తెల్లారుజామున ఒడ్డున నిలబడితే చాలు. ఇప్పుడు ఫైబర్ బోట్లు, ఇంజన్లు వచ్చాయి, ఒడ్డుకు లాగడానికి ట్రాక్టరు వచ్చింది. అయినా మొదటి యాభై గజాలు మారలేదు. ఓసారి నేను చూస్తుండగా నలుగురు బోటును నడుం లోతు నీళ్లలో పట్టుకుని కదలకుండా నిలబడ్డారు. ఒడ్డున ఉన్న పెద్దాయన్ని, "ఇంకా దేనికి ఆగారు పెదనాయనా?" అని అడిగితే, నా వైపు చూడకుండానే, "పెద్దయ్యి మూడు పోనీ అబ్బయా, ఎనక సందుంటది" అన్నాడు. ఒకటి విరిగింది. రెండోది విరిగి బోటు ముక్కును పైకెత్తింది. మూడోది అందరి తలలూ తడిపి పోయింది. నలుగురూ ఒక్క కేక వేసి భుజాలతో నెట్టారు, ఒకడు ఎగిరి లోపల పడ్డాడు, ఇంజను అందుకుంది. నాలుగో అల లేచేసరికి బోటు దాని అవతల ఉంది. మొత్తం నిమిషం కూడా పట్టలేదు. ఆ సందు దొరక్కపోతే మాత్రం బోటు అడ్డం తిరిగి బోర్లా పడుతుంది.

ఇంజను లేని రోజుల్లో ఈ పనికి రెండు రకాల సాధనాలు ఉండేవి. ఒకటి తెప్ప. నాలుగైదు దుంగలు తాళ్లతో కట్టినది, నీళ్లు సందుల్లోంచి పోతాయి కాబట్టి మునగడమనే మాటే లేదు. మనుషులకు, ఉత్తరాలకు, చేపలకు తెప్ప సరిపోయేది. సరుకుకు కుట్టు పడవ కావాలి. తెల్లవాళ్లు మసూలా అని రాసుకున్నది దీన్నే. పలకలను మేకులతో కొట్టరు, కొబ్బరి పీచు తాడుతో కుడతారు. కుట్టు కింద గడ్డి కూరుతారు. లోపల పక్కటెముకల్లాంటి అడ్డకర్రలు పెట్టరు. చూడ్డానికి పెద్ద బుట్టలా ఉంటుంది, నీళ్లు కారుతూనే ఉంటాయి, ఒకడు తోడుతూనే ఉండాలి. కిటుకంతా ఆ వదులులోనే ఉంది. మేకులు కొట్టిన గట్టి పడవ ఇసుకకు కొట్టుకుంటే విచ్చుకుంటుంది. కుట్టు పడవ వంగి, దెబ్బను మింగి, మళ్లీ నిలబడుతుంది. యూరప్ ఓడలు తమ సొంత పడవలను ఈ అలల్లోకి దించడానికి భయపడేవి. కూలి ఎంతడిగితే అంతిచ్చి స్థానికుల పడవే ఎక్కేవాళ్లు.

ఈ లెక్కన ఆనాటి రేవుకున్న అసలు యంత్రాలు కర్ర, పీచు, వాటిని నడిపే మనుషులు. కర్ర చివికిపోతుంది, పీచు కుళ్లిపోతుంది. తవ్వకాల్లో దొరికేది సుంకం కట్టించుకున్నవాడి ఊరు. సరుకు మోసినవాడి పాలెం దొరకదు. చరిత్ర పుస్తకాల్లో రాజులు, శెట్లు నిండిపోయి పడవవాళ్లు లేకపోవడానికి ఇది ఒక కారణమని నా అనుమానం.

ఇసుక నడక

మన తీరం వెంట ఇసుక ఊరుకోదు. అల ఒడ్డుకు సూటిగా కాకుండా కొంచెం ఏటవాలుగా తగులుతుంది. వస్తూ ఇసుకను పక్కకు నెడుతుంది, పోతూ తిన్నగా లాగుతుంది. ఇలా రంపపు పళ్లలా నడిచి రేణువు ఒడ్డు వెంట జరిగిపోతుంది. నైరుతి గాలులున్న నెలల్లో ఈ నడక ఉత్తరానికి, ఈశాన్య గాలులప్పుడు దక్షిణానికి. ఏడాది మొత్తం మీద ఉత్తరానికి పోయేదే ఎక్కువ. చెన్నపట్నంలో హార్బరు గోడ అడ్డం కట్టగానే దక్షిణాన మెరీనా వెడల్పయింది, ఉత్తరాన రాయపురం కోసుకుపోయింది. దారికి అడ్డం నిలబడితే ఇసుక ఏం చేస్తుందో అంతకన్నా బాగా చూపించే చోటు లేదు.

ఇదే ఇసుక ఏటి నోళ్లు మూస్తుంది. పెన్నకు వరదొస్తే నోరు తెరుచుకుంటుంది. నీళ్లు తగ్గితే మేట వేస్తుంది. పులికాట్ సరస్సుకు సముద్రంతో కలిసే నోళ్లున్నాయి కదా, రాయదొరువు, కొండూరుపాలెం దగ్గర, కింద తమిళనాడు వైపు పళవేర్కాడు దగ్గర. మన వైపు రెండూ పూడిపోయి, వాటిని తవ్వమని జాలర్లు అడుగుతూనే ఉన్నారు. నోరు మూసుకుంటే ఉప్పునీళ్లు లోపలికి రావు, వాటితో వచ్చే రొయ్య, చేప పిల్ల రావు. ఐదు వందల ఏళ్ల కిందట నోరు మూసుకుంటే చేపలతో పాటు పడవలు కూడా ఆగిపోయేవి, ఊరి బతుకు మారిపోయేది. రేవు పక్క ఊరికి జరిగేది.

శ్రీహరికోట దీవి కూడా ఇసుక చేసిన పనే. పాత ఒడ్లు ఇసుక దిబ్బల వరసలుగా ఒకదాని వెనక ఒకటి ఉన్నాయి. సముద్రం ఎక్కడెక్కడ ఆగి వెనక్కి జరిగిందో గుర్తు పెట్టుకున్నట్టుంటుంది. అంటే మన దగ్గర చాలాచోట్ల సముద్రం ఊరిని మింగలేదు, ఊరిని వదిలి జరిగింది. మునిగిపోయిన నగరం కథ నాకు నచ్చకపోవడానికి రెండో కారణం ఇది.

ఇసుకలో ఒక మేలు కూడా ఉంది. మన తీరం పల్లెల్లో దొరువు తెలియనివాళ్లు ఉండరు. ఇసుకలో నిలువు లోతు తవ్విన గుంట, ఏటవాలుగా దిగి బిందెలు ముంచుకుని నారుమళ్లకు పోసుకుంటారు. సముద్రం పక్కనే ఉన్నా నీళ్లు తియ్యగా ఉంటాయి. వాన నీరు ఇసుకలో ఇంకి, బరువైన ఉప్పునీటి మీద తేలుతూ నిలబడటం వల్ల అలా. ఆశపడి ఇంకా లోతు తవ్వితే ఉప్పు తగులుతుంది. నెలల తరబడి ప్రయాణం చేసే ఓడకు సరుకు కన్నా ముందు కావాల్సింది మంచినీళ్లు. పీపాలు నింపుకునే చోటు లేకపోతే లంగరు వేసీ లాభం లేదు. రాయదొరువు అన్న పేరులోనే ఆ మాట ఉంది చూడండి.

రాతి మీద రాసిన మాట

ఇక మోటుపల్లి గుడి మండపంలో ఉన్న స్తంభం దగ్గరికి వద్దాం. కాకతీయ గణపతిదేవుడి అభయ శాసనం, శక సంవత్సరం 1166, అంటే 1244-45. బళ్లో అందరం పేరు చదువుకున్నదే. లోపల ఏముందో చదివితే మాత్రం ఆశ్చర్యమేస్తుంది.

అందులో రాజు ముందు తన వెనకటి రాజుల సంగతి చెప్తాడు. ఒక దేశం నుంచి ఇంకో దేశానికి పోయే ఓడలు గాలివానకు దెబ్బతిని ఒడ్డుకు కొట్టుకొస్తే, వాటిలోని బంగారం, ఏనుగులు, గుర్రాలు, రత్నాలు అన్నీ ఆ రాజులు బలవంతంగా లాక్కునేవాళ్లట. మేమలా చెయ్యం, ప్రాణం కన్నా ధనమే ఎక్కువని తెగించి సముద్రం మీద తిరిగేవాళ్ల మీద దయతో, కీర్తికోసం, ధర్మంకోసం, న్యాయమైన సుంకం తప్ప మిగతాదంతా వాళ్లకే వదిలేస్తున్నాం అంటాడు. ప్రాణం కన్నా ధనం ఎక్కువ అన్న ఆ ముక్క పొగడ్తో ఎత్తిపొడుపో నాకు ఇప్పటికీ తేలలేదు.

ఓడ పగిలితే సరుకు రాజుదే అన్నది అప్పట్లో చాలా చోట్ల ఉన్న ఆచారం. మలబారు తీరంలో ఏలి అనే చోట, అక్కడికని బయల్దేరకుండా గాలికి వచ్చిపడిన ఓడను పట్టుకుని, నువ్వు వేరే చోటికి పోతుంటే దేవుడే నిన్ను మా దగ్గరికి పంపాడు అని సరుకంతా తీసుకుంటారని మార్కో పోలో రాశాడు. అలా జరిగే లోకంలో మోటుపల్లి వంటి చోటికి ఓడ ఎందుకొస్తుంది? ఇక్కడ అడ్డుగోడ లేదు, మూల లేదు. అక్టోబరు, నవంబరులో తుపాను లేస్తే లంగరు తాడు తెగి ఓడ ఒడ్డుకు కొట్టుకురావడం ఖాయం. 1984 నవంబరులో దుగరాజపట్నం దగ్గర, 1989 నవంబరులో కావలి దగ్గర తీరం దాటిన తుపానులు చూసినవాళ్లకు ఆ గాలి ఎలాంటిదో చెప్పక్కర్లేదు. వేరే రాజ్యాలకు ప్రకృతి ఇచ్చిన హార్బరు ఉంది. గణపతిదేవుడికి లేదు. ఓరుగల్లు చూస్తే సముద్రానికి ఎంతో దూరం, సైన్యానికేమో బయటి నుంచి గుర్రాలు రావాలి. గోడ కట్టలేని చోట ఆయన మాట ఇచ్చాడు. ఓడ పగలకుండా ఆపలేను, పగిలితే దోచుకోను అన్నాడు. వ్యాపారి లెక్కలో ఆ రెండోది కూడా చాలా పెద్ద భరోసా. ఇవాళ్టి భాషలో ఇన్సూరెన్స్ అనుకోవచ్చు, ప్రీమియం లేకుండా.

మాట గాల్లో వదిలేయకుండా రేట్లు కూడా చెక్కించాడు. ఎగుమతి దిగుమతుల మీద ముప్పయింట ఒకటి. అంటే నూటికి మూడు రూపాయల చిల్లర. ఆ తర్వాత సరుకు సరుకుకీ విడిగా లెక్క ఉంది. గంధపు చెక్కకు తూకం మీద, వక్కలకు లక్షకు ఇంతని, పట్టుకు మూటకు ఇంతని. కర్పూరం, చీనా కర్పూరం, ముత్యాలు, పన్నీరు, దంతం, జవ్వాది, రాగి, సీసం, పగడం, మిరియాలు కూడా ఉన్నాయి. వక్కలను లక్షల లెక్కన పన్ను కట్టించుకున్నారంటే ఎన్ని వచ్చి ఉంటాయో ఊహించుకోవచ్చు. అంతకన్నా ముఖ్యం, సుంకం ఎంతో ముందే తెలిసిపోవడం. దిగాక అధికారి ముఖం చూసి తేలే రేటుకు, రాతి మీద కనపడే రేటుకు తేడా ఏ వ్యాపారినడిగినా చెప్తాడు.

రెడ్డిరాజుల కాలంలో అనవోతారెడ్డి 1358లో మళ్లీ ఇక్కడే ఇలాంటి శాసనం వేయించాడు. రేవులో కాపురం పెట్టడానికి వచ్చే వ్యాపారులకు ఆదరణ ఉంటుందని, కొడుకుల్లేకుండా చనిపోయినవాడి ఆస్తి లాక్కోమని అందులో హామీలున్నాయి. నా దృష్టిలో ఇది ఇంకా లోతైన మాట. గణపతిదేవుడు ఓడకు అభయమిచ్చాడు, ఈయన ఇంటికి ఇచ్చాడు. నూరేళ్లు గడిచాక అదే చోట మళ్లీ హామీ ఇవ్వాల్సొచ్చిందంటే, మధ్యలో రాజ్యం పోయి కొత్త చేతుల్లోకి రేవు వచ్చింది కదా, వ్యాపారులు పాత మాట ఇంకా చెల్లుతుందా అని అనుమానపడి ఉండాలి.

మార్కో పోలో చెప్పిన ముట్ఫిలి ఈ మోటుపల్లే అని చాలామంది చరిత్రకారుల మాట. ఆయన దాన్ని ఒక ఊరిగా కాదు, రాజ్యంగా రాశాడు. న్యాయంగా ఏలిన రాణి, వజ్రాలు, సాలెగూడులా సన్నటి బట్ట గురించి చెప్పాడు. రాణి అంటే రుద్రమదేవే అనుకుంటాం. చందుపట్ల శాసనాన్ని బట్టి ఆమె 1289 నాటికే లేదు, పోలో ఈ సముద్రం మీద పోయింది ఆ తర్వాత. కాబట్టి రేవుల్లో నావికులు చెప్పుకునే మాటలే ఆయన చెవిన పడి ఉంటాయి. అయితే ఒక సంగతి గమనించండి. ఓరుగల్లు పేరు బయటివాళ్ల నోట పలకలేదు, రేవు పేరే దేశం పేరయింది.

రెడ్డిరాజులకు పరిమళ ద్రవ్యాలు సరఫరా చేసిన అవచి తిప్పయసెట్టికి శ్రీనాథుడు హరవిలాసం అంకితమిచ్చాడు. ఆ కుటుంబం తెప్పించిన సరుకుల్లో సింహళం ఏనుగులు, హురుముంజి (పర్షియా వైపు హోర్ముజ్ రేవు) గుర్రాలు, చీనా పట్టు కనిపిస్తాయి. కవి జాబితా కాబట్టి కాస్త ఉప్పు తగ్గించి తినాలి. శాసనంలో జాబితా పన్ను వేసినది. దాన్ని నేను ఎక్కువ నమ్ముతాను.

నాణెం ఏం చెప్తుంది, పెంకు ఏం చెప్తుంది

నెల్లూరు దగ్గర ఒక రైతు దున్నుతుంటే నాగలి ఇటుక కట్టడానికి తగిలింది. తవ్వితే చిన్న గుడి పునాది, దాని కింద ఒక చిన్న కుండ, కుండ నిండా రోము బంగారు నాణేలు. ఈ సంగతి మద్రాసు మాజీ గవర్నరు అలెగ్జాండర్ డేవిడ్సన్ 1787లో రాసిన ఉత్తరం వల్ల లోకానికి తెలిసింది. రైతు వాటిని పాత బంగారం ధరకు అమ్మేశాడు, చాలావరకు కరిగిపోయాయి, ముప్పైకి పైగా మాత్రం నవాబు కుటుంబం చేతికి చేరాయి. ఎక్కువగా ట్రాజన్ చక్రవర్తివి, కొన్ని హాడ్రియన్, ఫౌస్టినా బొమ్మలున్నవి. అంటే రెండో శతాబ్దంనాటివి. కొన్ని టంకశాల నుంచి అప్పుడే వచ్చినట్టు తళతళలాడుతున్నాయట. కొన్నిటికి చిల్లులున్నాయట, దండల్లోనో దండకడియాల్లోనో వేసుకున్నట్టు.

దీన్ని బట్టి రోము ఓడ నెల్లూరుకు వచ్చిందనేవాళ్లున్నారు. నాణెం అంత మాట చెప్పదు. బంగారం చేతులు మారుతూ ఎంత దూరమైనా పోతుంది. చిల్లు పడిందంటే అది డబ్బుగా కాకుండా నగగా తిరిగింది. నెల్లూరులో ఎవరో డబ్బున్నవాళ్లు ఉన్నారని, రోము సొమ్ము వాళ్లదాకా చేరిందని మాత్రం కచ్చితంగా అనొచ్చు.

పెంకు సంగతి వేరు. కోట మండలం కొత్తపట్నంలో 1990లలో జరిగిన తవ్వకాల్లో 13, 14 శతాబ్దాల చైనా పింగాణీ ముక్కలు దొరికాయి. చేతిలోకి తీసుకుంటే ఇలాంటి ముక్క మన కుండ పెంకులా ఉండదు. బరువుగా ఉంటుంది, గోటితో కొడితే గంటలా మోగుతుంది, పైన చెరువు నాచు రంగులో గాజులాంటి మెరుగు ఉంటుంది. విరిగిన అంచు చూస్తే లోపల తెల్లగా, గట్టిగా ఉంటుంది. ఏ కొలిమి ఏ కాలంలో ఎలాంటి మెరుగు వేసేదో చైనాలో బాగా తెలుసు కాబట్టి, పెంకు దానికదే తేదీ చెప్తుంది. పగిలిన గిన్నెను ఎవరూ కరిగించి నగ చేయించుకోరు, అమ్ముకోరు. పగిలిన చోటే పారేస్తారు. అందుకే రేవుల విషయంలో నాకు బంగారం కన్నా పెంకు మీదే నమ్మకం. అయితే అది కూడా చైనావాడే స్వయంగా తెచ్చాడని చెప్పదు. సింహళంలో చేతులు మారి, ఇక్కడి ఓడలో వచ్చి ఉండొచ్చు.

ఎక్కడైనా ఇలాంటి ముక్క కనపడితే జేబులో వేసుకోకండి. తీసిన చోటు తెలియని పెంకుకు ఇంట్లో షోకేసు తప్ప చరిత్రలో చోటుండదు.

పట్నం అనే తోక

మన మ్యాపు తీసి తీరం వెంట పేర్లు చదవండి. రామాయపట్నం, కొత్తపట్నం, కృష్ణపట్నం, మళ్లీ ఇంకో కొత్తపట్నం, దుగరాజపట్నం. చూస్తే పల్లెలు, పేరు చూస్తే పట్నాలు. శాసనాల్లో పట్టణం అంటే వ్యాపారులు కూడే ఊరు, తీరం మీదైతే రేవు ఊరు. మోటుపల్లికి దేశియుయ్యకొండపట్టణం అని ఇంకో పేరుంది, దేశి వ్యాపారులను కాచిన పట్టణం అని. కృష్ణపట్నానికి 13వ శతాబ్దపు శాసనంలో కొల్లితురై అని పాత పేరు, గండగోపాలపట్టణం అని తెలుగు చోళరాజు పేరిట కొత్త పేరు. ఒక ఊరికి రెండు పేర్లు, ఒకటి అక్కడుండేవాళ్లది, రెండోది వ్యాపారం కోసం రాజు పెట్టింది. ఇప్పటి బోర్డులకూ మనకు ఇదే అలవాటు.

రెండు కొత్తపట్నాలు ఉండటం వల్ల చాలా తికమక వస్తుంది. ఒంగోలు దగ్గరది బీచి ఉన్న ఊరు, పింగాణీ దొరికింది నెల్లూరు వైపు దాంట్లో. సోషల్ మీడియాలో మొదటి దాని ఫొటో పెట్టి రెండో దాని చరిత్ర రాసినవాళ్లను చూశాను. నన్ను ఆలోచింపజేసేది మాత్రం ఆ "కొత్త" అన్న మాట. పట్నం ఊరికే కొత్తది కాదు. ఎక్కడో పాతది మూసుకుంటే పక్కన కొత్తది పెట్టుకుంటారు. పేరు ఒక్కటే రుజువు కాదు, కానీ ఇసుక సంగతి తెలిశాక ఆ పేరు మామూలుగా వినపడదు.

ఆ మాట ఊళ్లకే కాదు, మనుషులకూ అంటుకుంది. నెల్లూరు తీరంలో చేపలు పట్టే పట్టపువాళ్లు తమిళనాడులోని పట్టణవర్లకు బంధువులు. పట్టణవర్ అంటే పట్టణంలో ఉండేవాడు. పెద్దలు ఇప్పటికీ ఇంట్లో తమిళం కలిసిన మాట మాట్లాడతారు, బయట తెలుగు. ఊరి కాపులు, అంటే వాళ్ల కులపెద్దలు, దురాయి (కట్టడి) పెడితే ఆ రోజు ఒక్క బోటు కదలదు. రేవులు పోయినా రేవు మనుషుల కట్టుబాటు ఇలా పాలేల్లో మిగిలే ఉంది.

ఇంగ్లీషువాళ్లు 1626లో మచిలీపట్నంలో ఇబ్బందులు పడి, దుగరాజపట్నంలో కొట్టు పెట్టి చుట్టూ కోట కట్టుకున్నారు. వాళ్ల కాగితాల్లో దాని పేరు ఆర్మగాం. ఆరుముగ మొదలియారు అనే ఆయన సాయం చేస్తే ఆయన పేరు పెట్టారని చెప్తారు. ఈ చోటే ఎందుకు? ఎదురుగా సముద్రంలో నీళ్ల కింద ఇసుక మేట ఉంది. పెద్ద అల ముందు దాని మీద విరిగి బలం పోగొట్టుకుంటుంది. మేటకు, తీరానికి మధ్య నీళ్లు కాస్త నెమ్మదిగా ఉంటాయి. ఆ చోటునే తర్వాతి ఇంగ్లీషు పటాల్లో బ్లాక్‌వుడ్ హార్బరు అన్నారు. మన తీరంలో ఇసుక గోడ పని కూడా చేసిన చోటు ఇదొక్కటేనేమో. ఓడకు బాగున్నా వ్యాపారానికి కుదరలేదు. కావలసిన రకం బట్ట ఇక్కడ చవగ్గా దొరక్క, ఆర్మగాం అధికారి ఫ్రాన్సిస్ డే దక్షిణాన వెతికాడు. 1639లో మద్రాసు చోటు సంపాదించి 1640లో అక్కడికి దిగారు. అలల లెక్క చూస్తే దుగరాజపట్నమే మేలు, మద్రాసు ఒడ్డు అంతకన్నా ఘోరం. బట్ట గెలిచింది.

పులికాట్‌లో డచ్చివాళ్లు 1613కే గెల్డ్రియా కోట కట్టారు. సరస్సు, దాని నోరు, వెనక నేత ఊళ్లు కలిసొచ్చాయి. కోట ఉన్నది తమిళనాడు వైపు, సరస్సులో ఎక్కువ భాగం మన వైపు. సరస్సులోని ఇరకం, వేనాడు దీవుల్లో బతుకంతా ఆ నీటి లోతు మీదే. ఇరకం వాళ్లకు పడవే బస్సు.

19వ శతాబ్దంలో ఈ చిన్న రేవులకు చివరి దెబ్బ సముద్రం వైపు నుంచి రాలేదు. తీరానికి సమాంతరంగా పెదగంజాం నుంచి మద్రాసు మీదుగా బకింగ్‌హాం కాలువ వచ్చింది. ఉప్పు, కట్టెలు, ధాన్యం అలల జోలికి పోకుండా కాలువలోనే మద్రాసు చేరాయి. తర్వాత రైలు వచ్చింది. అలలు దాటే పడవకు పని తగ్గిపోయింది. సుంకం లేని చోట పట్నం పల్లె అయింది.

ఈ మధ్య మా బావమరిది ఫోన్ చేశాడు. ఏదో ఓడ ఆలస్యమై లారీలు నిలిచిపోయాయట, టెన్షన్ పడుతున్నాడు. కృష్ణపట్నంలో 2008 నుంచి పెద్ద ఓడలు నేరుగా గోడకే వచ్చి నిలబడుతున్నాయి. కండలేరు నోటి దగ్గర రాతి గట్లు వేసి, ఇసుక తోడి లోతు నిలబెడుతున్నారు. తోడటం ఆపితే మళ్లీ పూడుతుంది, అందుకని ఆ పనికి అంతు లేదు. మాటల్లో, "ఓడ యాడుంది రా?" అని అడిగాను.

"వచ్చింది బావా, బెర్తు ఖాళీ లేదంట. బయటే లంగరేసుకోనుంది, రెండు రోజులు."

"ఎంత బయట?"

"కనపడతానే ఉంది. లైట్లు ఏసుకోని."

మోటుపల్లిలో ఓడ ఎక్కడ ఆగేదో వాడికి అప్పుడు చెప్పాను.